హాలీ చెట్టు పసుపెక్కితే వెంటనే ఎరువు సంచి విప్పకండి

(ఇంటితోటలు పెంచేవారి సమావేశంలో చేసిన ప్రసంగానికి అక్షర రూపం)

అందరికీ నమస్కారం. వెనక వరసలవాళ్లకి వినిపిస్తోందా? సరే.

నేను లోపలికి రాగానే ఒకావిడ ఫోన్ తీసి ఫొటో చూపించారు. హాలీ చెట్టు, అదే, ముళ్ల ఆకులతో ఎర్ర పండ్లతో ఉండే అలంకరణ చెట్టు. ఆకులు బోలెడన్ని పసుపెక్కాయి, కింద నేలంతా రాలి పడి ఉన్నాయి. "దీనికి ఏ ఎరువు వెయ్యమంటారు?" అని అడిగారు. "ఈ ఫొటో ఎప్పుడు తీశారమ్మా?" అన్నాను నేను. ఎరువు పేరు అడిగితే తేదీ అడుగుతాడేమిటీయన అన్నట్టు చూశారు. (నవ్వులు) ఏమీ అనుకోకండమ్మా. ఇవాళ నేను చెప్పాలనుకున్నదంతా ఆ ప్రశ్న చుట్టూనే తిరుగుతుంది.

ఆ ఫొటో వసంతంలో తీసింది. హాలీ ఏడాది పొడవునా పచ్చగా ఉండే చెట్టు, నిజమే. అంతమాత్రాన దాని ఆకు ఎప్పటికీ రాలదని కాదు. ఒక్కో ఆకు రెండేళ్లో మూడేళ్లో కొలువు చేస్తుంది. వసంతంలో కొత్త చిగురు తోసుకొస్తుంటే పాత ఆకు పండి దిగిపోతుంది. మిగతా చెట్లు చలికి ముందు ఆకు రాలుస్తాయి కదా, ఇది మాత్రం ఊరంతా చిగురిస్తున్నప్పుడు రాలుస్తుంది. అందుకే చూసినవాళ్లకి గుండె ఝల్లుమంటుంది. కంగారు పడేముందు కొమ్మ చివర చూడండి. అక్కడ చిగురు నిగనిగలాడుతూ, లోపలివైపు ముదురాకులే పండుతుంటే చెట్టుకి ఏ జబ్బూ లేదు. దానికి ఎరువు వెయ్యక్కర్లేదు.

హాలీ అని ఒక్క పేరుతో పిలుస్తున్నాం గానీ ఐలెక్స్ అనే ప్రజాతిలో ఐదువందలకు పైగా జాతులున్నాయి. ముళ్ల ఆకులతో, ఎర్రటి పండ్ల గుత్తులతో ఉండే ఇంగ్లిష్ హాలీ, అమెరికన్ హాలీ, చైనీస్ హాలీ మీకు తెలిసినవే. జపనీస్ హాలీకి ముళ్లుండవు, చిన్న చిన్న ఆకులు, పండు నల్లగా ఉంటుంది. వింటర్‌బెర్రీ అయితే చలికాలానికి ఆకంతా దులిపేసుకుని ఎర్ర పండ్లతో మాత్రమే నిలబడుతుంది. దక్షిణ అమెరికాలో తాగే యెర్బా మాతే కూడా ఒక ఐలెక్స్ ఆకే. నేను ఎక్కువగా పచ్చటి ఆకుల, ఎర్ర పండ్ల రకాల గురించి మాట్లాడతాను.

ఇప్పుడు అసలు సంగతికి వద్దాం. ఆకు పసుపు రంగు ఒక్కటే కావచ్చు, దాని అర్థాలు మాత్రం నాలుగు. ముదురాకులు మొత్తంగా పాలిపోయి, చెట్టు ఎదుగుదల కూడా మందగిస్తే నత్రజని చాలడం లేదని అనుకోవచ్చు. నత్రజని చెట్టులో కదిలే పోషకం. కొరత వస్తే చెట్టు ముసలి ఆకు నుంచి లాగి లేత ఆకుకి పెడుతుంది. ఇనుము అలా కదలదు. ఇనుము అందకపోతే ముందు లేతాకే దెబ్బతింటుంది. ఈనెలు పచ్చగానే ఉంటాయి, మధ్యలో ఆకు నిమ్మపండు రంగుకి మారుతుంది. పచ్చ దారంతో వల అల్లినట్టు కనిపిస్తుంది. అదే వల ముదురాకుల మీద కనిపిస్తే మెగ్నీషియం తక్కువైందేమో అని చూడాలి. ఇక నాలుగోది: నేల తడిగానే ఉంది, అయినా ఆకు వాలిపోయి పసుపెక్కుతోంది. అది వేరు కుళ్లుతున్న లక్షణం. ఆ స్థితిలో ఎరువు వెయ్యడమంటే గోరుచుట్టు మీద రోకటిపోటే. ఉప్పు సాంద్రత పెరిగి మిగిలిన నాలుగు వేళ్లూ మాడిపోతాయి.

ఇందులో ఇంటితోటల్లో ఎక్కువగా కనిపించేది ఇనుము సమస్య. చిత్రమేమిటంటే చాలా నేలల్లో ఇనుముకి కొరతే లేదు. గాదె నిండా గింజలున్నాయి, తలుపుకి తాళం పడింది, అంతే. ఆ తాళం పేరు పీహెచ్, అంటే నేల ఎంత ఆమ్లమో ఎంత క్షారమో చెప్పే కొలత. ఏడుకి తగ్గితే ఆమ్లం, ఏడు దాటితే క్షారం. హాలీకి ఆమ్ల గుణమున్న నేల కావాలి. పీహెచ్ 5 నుంచి 6 దాకా ఉంటే హాయిగా ఉంటుంది, 6.5 వరకూ సర్దుకుంటుంది. ఏడు దాటిందా, ఇనుము మట్టిలో కరగని రూపంలోకి వెళ్లి కూర్చుంటుంది. ఈ కొలతలో ఒక అంకె తేడా అంటే పది రెట్ల తేడా అని గుర్తుంచుకోండి. ఆరుకీ ఏడుకీ ఒక్క మెట్టే కదా అనుకుంటాం, వేరుకి అది పెద్ద అగాధం.

నా తెలివితక్కువ పని ఒకటి చెబుతాను. ఒక చలికాలం కట్టెల బూడిద పోగైంది. బూడిదలో పొటాష్ ఉంటుంది, చెట్టుకి మంచిదని ఎక్కడో చదివాను. తట్టెడు తెచ్చి హాలీ పాదులో చల్లాను. మరో తట్ట చల్లాను. వసంతంలో చిగురు వచ్చింది, వచ్చీ రాగానే నిమ్మపండు రంగు. బలం చాల్లేదనుకుని ఎరువు వేశాను. ఇంకా పాలిపోయింది. ఇంకాస్త వేశాను. (నవ్వులు) ఆఖరికి మట్టి పరీక్షకి పంపితే పీహెచ్ 7.4 అని వచ్చింది. బూడిద సున్నంలాంటిదే, ఆమ్లాన్ని చంపేస్తుంది. పైగా నేను వేసిన ఎరువులో భాస్వరం ఎక్కువ. భాస్వరం ఇనుముని పట్టేసుకుంటుంది. అంటే ఒక తాళానికి రెండో తాళం నా చేత్తో నేనే వేశానన్నమాట. మన పెద్దలు "ఎరువుల సొమ్ము బరువుల చేటు" అన్నది అరువు తెచ్చుకున్న నగల గురించి. నాకు మాత్రం ఆ ఏడాది ఆ సామెత సంచిలో ఎరువు గురించే చెప్పినట్టు అనిపించింది.

దాన్ని దారిలో పెట్టడానికి రెండేళ్లు పట్టింది. గంధకం వాడాను. గంధకం తనంత తాను ఆమ్లం కాదు. మట్టిలోని బాక్టీరియా దాన్ని తిని ఆమ్లంగా మారుస్తుంది. నేల వెచ్చగా, తేమగా ఉంటేనే ఆ పని నడుస్తుంది, నెలలు పడుతుంది. అందుకే ఈ వారం చల్లి వచ్చే వారం ఆకు చూసి నిరాశపడకండి. ఎంత వెయ్యాలన్నది మీ మట్టిని బట్టి ఉంటుంది. ఇసుక నేలకి కొద్దిగా చాలు, బంకమట్టికి చాలా కావాలి. పరీక్ష రిపోర్టులో ఆ లెక్క ఇస్తారు. అల్యూమినియం సల్ఫేట్ త్వరగా పనిచేస్తుంది గానీ మళ్లీ మళ్లీ వేస్తే మట్టిలో అల్యూమినియం పేరుకుని వేళ్లకి విషమవుతుంది. నేనైతే దాని జోలికి పోను.

ఈలోగా ఆకుకి ఊరట కావాలంటే చిలేట్ రూపంలో ఉన్న ఇనుము, అంటే మట్టిలో బిగుసుకుపోకుండా ఇంకో పదార్థం పట్టి ఉంచిన ఇనుము, వాడొచ్చు. డబ్బా మీద చిన్న అక్షరాలు చదవండి. ఈడీటీఏ అని ఉంటే అది క్షార నేలలో నిలబడదు. ఈడీడీహెచ్ఏ అని ఉన్నది పీహెచ్ ఏడు దాటినా పనిచేస్తుంది. అన్నభేది, అంటే ఫెర్రస్ సల్ఫేట్, సున్నపు నేలలో పోస్తే దానిలో ఇనుము కూడా త్వరగానే బిగుసుకుపోతుంది. గచ్చు మీద పడితే తుప్పు మరక, అది మాత్రం పోదు.

సభలో ఒకరు: కాఫీ పిప్పి వేస్తే నేల ఆమ్లంగా మారుతుందంటారు కదా?

మారదండి, చెప్పుకోదగ్గంత మారదు. కాచిన తర్వాత పిప్పిలో ఆమ్లం పెద్దగా మిగలదు, అది నీళ్లలో దిగిపోతుంది. పైన్ సూదుల సంగతీ అంతే. కప్పుగా, అంటే నేలని కప్పే పొరలా పరచడానికి బ్రహ్మాండంగా ఉంటాయి, పీహెచ్ మాత్రం దించవు. కాఫీ పిప్పిని కంపోస్టులో కలిపి వేసుకోండి, నష్టం లేదు. మందపాటి పొరగా మాత్రం వేయకండి, అట్టకట్టి నీటిని దిగనివ్వదు.

సరే, పీహెచ్ బాగుంది, వేళ్లు బాగున్నాయి. అయినా ఎరువు కావాలా అన్నది ఎలా తెలుస్తుంది? కొలబద్ద తీసుకుని కొమ్మల దగ్గరికి వెళ్లండి. పోయినేడు వచ్చిన రెమ్మ ఎంత పొడవుందో చూడండి. ఏడాది రెమ్మ ఎక్కడ మొదలైందో బెరడు రంగు మారిన చోట తెలిసిపోతుంది. జానెడు ఉందా, ఆకు ముదురు పచ్చగా ఉందా, ఇంటికెళ్లి పడుకోండి. రెండు మూడు అంగుళాలే వచ్చి ఆకు చిన్నబోయి ఉంటే అప్పుడు ఆలోచిద్దాం. ఇంకొకటి, చెట్టు గడ్డి మధ్యలో ఉండి ఆ గడ్డికి మీరు ఎరువు వేస్తూనే ఉంటే హాలీ అప్పటికే తన వాటా తినేసింది. గడ్డి ఎరువుల్లో కొన్నిటిలో కలుపు మందు కలిసి ఉంటుంది, అవి చెట్టు వేళ్ల మీద పడకూడదు.

ఎరువు వెయ్యాలని తేలితే ఆమ్ల నేల మొక్కల కోసమని అమ్మే, నిదానంగా విడుదలయ్యే రకం మంచిది. నత్రజని అమ్మోనియం రూపంలో ఉంటే హాలీకి రెండందాలా లాభం, ఆకలీ తీరుతుంది, నేలా కాస్త ఆమ్లంగా ఉంటుంది. పత్తిచెక్క నాకు ఇష్టం. నత్రజని దాదాపు 6 శాతం ఉంటుంది, మెల్లగా కరుగుతుంది, వేరుని కాల్చే ప్రమాదం తక్కువ. ఎముకల పొడి వద్దు, అందులో సున్నమూ భాస్వరమూ రెండూ ఉన్నాయి. కాల్షియం నైట్రేట్ కూడా వద్దు.

మోతాదు లెక్క చెబుతాను, రాసుకునేవాళ్లు రాసుకోండి. చదరపు మీటరుకి 5 గ్రాముల నత్రజని. సంచి మీద మూడు అంకెలుంటాయి కదా, మొదటిది నత్రజని శాతం. మొదటి అంకె 10 అయితే చదరపు మీటరుకి 50 గ్రాములు, 20 అయితే 25 గ్రాములు. మీ చెట్టు గొడుగు, అంటే కొమ్మలు పరుచుకున్న మేర, 2 మీటర్ల వెడల్పు ఉందనుకోండి. గొడుగు అంచు దాటి ఇంకో అర మీటరు బయటికి కలుపుకుంటే మధ్య నుంచి మీటరున్నర. ఆ గుండ్రం సుమారు 7 చదరపు మీటర్లు. అంటే పదిశాతం ఎరువు 350 గ్రాములు. తూచి చూడండి, మనం గుప్పిళ్లతో వేసేదానికీ దీనికీ తేడా తెలుస్తుంది. సంచి మీద ఇంతకన్నా తక్కువ రాసి ఉంటే ఆ తక్కువే పాటించండి.

ఎక్కడ వెయ్యాలన్నది ఎంత వెయ్యాలన్నదానికన్నా ముఖ్యం. చాలామంది మొదట్లో కుప్పపోస్తారు. మొదలు నీళ్లు తాగదండీ. తిండి తీసుకునే సన్నవేళ్లు గొడుగు అంచు చుట్టూ, దాన్ని దాటి ఉంటాయి. అవి లోతుగా కూడా ఉండవు, ఎక్కువ భాగం పై 30 సెంటీమీటర్లలోనే. అందుకే గునపంతో గుంతలు తవ్వి ఎరువు దించడం అనవసరం, పార పెట్టి తిరగేయడం అపచారం. మొదలు నుంచి జానెడు వదిలేసి, మిగతా అంతా పలచగా వెదజల్లి, నీళ్లు పెట్టండి. కప్పు పరిచి ఉంటే దాని మీదే చల్లినా దిగిపోతుంది.

కాలం విషయానికొస్తే చలి తగ్గి, చిగురు ఇంకా విప్పుకోకముందు వెయ్యాలి. ఏడాదికి ఒక్కసారి. వేసవి చివర్లో మాత్రం వేయకండి. అప్పుడు వేసిన నత్రజని లేత రెమ్మల్ని తోస్తుంది. చలి వచ్చేనాటికి అవి గట్టిపడవు, మొదటి గడ్డమంచుకే మాడి నల్లబడతాయి. కొత్తగా నాటిన మొక్కకి మొదటి ఏడాది ఏమీ వేయకండి. నాటే గుంతలో గుప్పెడు వేసి దీవించడం అలవాటు కొందరికి. ఆ మొక్కకి అప్పుడు కావలసింది నీళ్లు. వారానికి రెండున్నర సెంటీమీటర్ల వాన పడితే సరిపోయింది, పడకపోతే చదరపు మీటరుకి 25 లీటర్ల లెక్కన మీరు పొయ్యాలి. రోజూ చెంబెడు కాదు, వారానికోసారో రెండుసార్లో నిండుగా. మొదటి రెండేళ్లు ఇలా చూసుకుంటే తర్వాత తనే నిలదొక్కుకుంటుంది.

గుంత గురించి ఒక్క మాట. వెడల్పు ఎంతైనా పర్వాలేదు, వేరుముద్ద ఎత్తుకన్నా లోతు వద్దు. మొదలు విచ్చుకునే చోటు నేల పైకి కనపడాలి. నీరు నిలిచే నేలేమో అని అనుమానముంటే నాటకముందే 30 సెంటీమీటర్ల గుంత తీసి నీళ్లు నింపండి, ఇంకిపోయాక మళ్లీ నింపి గడియారం చూడండి. గంటకి 2.5 సెంటీమీటర్లయినా దిగకపోతే అక్కడ హాలీ పెట్టకండి, లేదా మట్టి ఎత్తుగా పోసి పెట్టండి.

బెరడు ముక్కలో ఆకుల ఎరువో 5 నుంచి 8 సెంటీమీటర్ల మందాన పరచండి, మొదలుకి తగలనీయకుండా. మామూలు ఇంటితోటలో ఏటేటా చివికిన ఆకుల ఎరువు ఇలా పరుస్తూ పోతే చాలా చెట్లకి సంచి ఎరువు అవసరమే రాదని నా అనుభవం. చలి బాగా ఉండి నేల గడ్డకట్టే చోట, గడ్డకట్టకముందే ఒకసారి నిండుగా తడపండి. ఆకు చలికాలంలో కూడా గాలికి తేమ కోల్పోతూనే ఉంటుంది, గడ్డకట్టిన నేల నుంచి వేరు నీళ్లు తీసుకోలేదు. వసంతంలో ఆకు అంచులు గోధుమరంగుకి మాడి కనిపిస్తే చాలాసార్లు కారణం అదే.

సభలో ఒకరు: మా చెట్టుకి పన్నెండేళ్లు. ఒక్క పండు కాయలేదు. ఎరువు తక్కువైందా?

మీ చెట్టు మగదేమోనండి. (నవ్వులు) నిజంగానే చెబుతున్నాను. పోతుతాడు కాయదని మనకి తెలుసు, పోతు బొప్పాయి కాయదని తెలుసు. హాలీ కూడా అంతే, ఆడచెట్టు వేరు, మగచెట్టు వేరు. పండ్లు ఆడదానికే. అది కాయాలంటే దగ్గర్లో అదే సమయానికి పూసే మగచెట్టు ఉండాలి, వీలైతే అదే జాతిది. తేనెటీగలు మధ్యవర్తులు. నాలుగైదు ఆడచెట్లకి ఒక్క మగచెట్టు చాలు. వసంతంలో పూత వచ్చినప్పుడు ఒక పువ్వుని దగ్గరగా చూడండి. మధ్యలో చిన్న పచ్చటి బుడిపె ఉంటే ఆడది. దాని బదులు పుప్పొడితో నాలుగు కేసరాలు పైకి లేచి కనిపిస్తే మగది.

పేరు చూసి కొంటే మోసపోతారు. గోల్డెన్ కింగ్ అనే రకం ఆడది, గోల్డెన్ క్వీన్ మగది, సిల్వర్ క్వీన్ కూడా మగదే. పేరు పెట్టినాయన ఏ ధ్యాసలో ఉన్నాడో! న్యూయార్క్‌లో కాథ్లీన్ మెసర్వ్ అనే ఆవిడ తన తోటలో సంకరం చేసి తీసిన బ్లూ హాలీలు నయం, బ్లూ ప్రిన్స్ మగది, బ్లూ ప్రిన్సెస్ ఆడది, గందరగోళం లేదు. చోటు తక్కువ, ఒక్క చెట్టే పెట్టుకోగలం అంటారా, జె.సి. వాన్ టోల్, బర్ఫర్డ్, నెల్లీ ఆర్. స్టీవెన్స్ లాంటి రకాలు మగచెట్టు పక్కన లేకపోయినా కాస్తాయి. విత్తనం నుంచి పెంచుదామనుకోకండి. మొలకెత్తడానికే రెండు మూడేళ్లు పట్టొచ్చు, ఆడో మగో తేలాలంటే పూసేదాకా ఆగాలి. కొమ్మ కత్తిరింపులే మేలు, తల్లి ఏదైతే పిల్లా అదే.

ఇది ఆడచెట్టే, మగచెట్టూ ఉంది, అయినా కాయలేదంటే రెండు కారణాలు చూడండి. పూత మీద మంచు కురిసిందా? లేక కత్తెర ఆడిందా? ఇంగ్లిష్, చైనీస్ రకాలు పోయినేటి రెమ్మ మీద పూస్తాయి. కంచెలా నున్నగా కత్తిరించేశారంటే పూతని కూడా కత్తిరించేశారన్నమాట. అమెరికన్ హాలీ ఆ ఏటి కొత్త రెమ్మ మీద పూస్తుంది కాబట్టి కొంత తట్టుకుంటుంది. నత్రజని మరీ ఎక్కువైనా ఆకే ఆకు, పూత తక్కువ. కత్తిరింపుకి చలి చివరి రోజులు మంచివి. పండ్లున్న కొమ్మలు అలంకరణకి కోసుకుంటారు కదా, అలా చెట్టంతా చూసుకుని అక్కడొకటి ఇక్కడొకటి కోస్తే అదే సగం కత్తిరింపు.

పురుగుల గురించి త్వరగా చెప్పేస్తాను. ఆకు మీద పాము పాకినట్టు పసుపు గీతలుంటే అది ఆకు తొలిచే పురుగు. చిన్న నల్ల ఈగ వసంతంలో లేతాకులో గుడ్డు పెడుతుంది, పిల్లపురుగు ఆకు రెండు పొరల మధ్యే తింటూ చలికాలం గడుపుతుంది. ఆ ఈగలు బయటికి రాకముందే గీతలున్న ఆకులు గిల్లి పారేయండి. రాలిన ఆకుల్లో కూడా గీతలున్నవి తీసేయండి. ఆకు నల్లగా మసి పూసినట్టుంటే ఆకు వెనక్కి తిప్పి పొలుసు పురుగు ఉందేమో చూడండి. చల్లటి రోజుల్లో ఆకు బూడిద రంగుకి తిరిగితే తెల్లకాగితం పెట్టి కొమ్మ తట్టండి, కదిలే చుక్కలుంటే అవి ఆకు రసం పీల్చే నల్లులు, మంచాల్లో ఉండేవి కావు. నీళ్ల ధారతో కడిగితే చాలావరకు పోతాయి. ఇక ఆకు మీద గుండుసూదితో పొడిచినట్టు మచ్చలు చూసి తెగులని మందు కొడుతుంటారు. గాలికి పక్కాకు ముల్లు గుచ్చుకుంటే కూడా అలాంటి మచ్చలే వస్తాయి. దానికి మందు లేదు, అవసరమూ లేదు. తన ముల్లే తనకి గుచ్చుకుంది.

సభలో ఒకరు: పిల్లలున్న ఇంట్లో పెంచొచ్చా? పండ్లు విషమంటారు.

పక్షులకి ఆహారం, మనకి కాదు. వాటిలో సాపోనిన్లు అనే పదార్థాలు ఉంటాయి, తింటే వాంతులు, విరేచనాలు అవుతాయి. కుక్కలకీ అంతే. ఒకటి రెండు మింగితే ప్రాణాపాయం అరుదు, అయినా డాక్టరుకి చెప్పాల్సిందే. నడక నేర్చే పిల్లలుంటే మగచెట్టు పెట్టుకోండి, పండ్ల బెడదే ఉండదు. మరొక విషయం, ఇంగ్లిష్ హాలీ అమెరికా వాయవ్య తీరంలో వాషింగ్టన్, ఒరెగాన్ అడవుల్లోకి పక్షుల ద్వారా చేరి స్థానిక మొక్కల్ని నొక్కేస్తోంది. అలాంటి చోట ఉండేవారు ఇంకో జాతి ఎంచుకోవాలి.

ఇందాక ఫొటో చూపించినావిడ చెయ్యెత్తారు. చెప్పండమ్మా.

సభలో ఒకరు: కొమ్మ చివర చూడమన్నారు కదా, ఫొటో పెద్దది చేసి చూశాను. ఒకవైపు చిగురు పచ్చగానే ఉంది. గోడ వైపు చిగురు మాత్రం మీరు చెప్పిన వలలా ఉంది.

ఆ గోడ ఎప్పుడు కట్టారు?

సభలో ఒకరు: పోయినేడు. సిమెంటు పూత కూడా అప్పుడే వేయించాం.

అయితే నేను తొందరపడ్డాను, ఒప్పుకుంటున్నాను. (నవ్వులు) రాలిన ఆకులు కాలధర్మమే, గోడ వైపు చిగురు కాదు. సిమెంటులోంచి సున్నం దిగుతూ ఉంటుంది, పని చేసేటప్పుడు కింద పడిన ముక్కలు మట్టిలోనే ఉండిపోయి ఉంటాయి. ముందు ఆ ముక్కలు చేత్తో ఏరేయండి. తర్వాత జానెడు లోతు దాకా మట్టి తీసి పరీక్షకి పంపండి. గోడ వైపుది ఒక సంచిలో, ఇవతలి వైపుది ఇంకో సంచిలో. ఏది ఏ వైపుదో సంచి మీద రాయండి. రెండు అంకెలూ వచ్చాక నాకు పంపండి, అప్పుడు మాట్లాడుకుందాం.